కెమిస్ట్రీ అంటే బట్టీ అనుకునే పిల్లకి ఏ పుస్తకం ఇవ్వాలి?

తెనాలి_అమ్మ:
అందరికీ నమస్కారం. మా అమ్మాయి ఇంటర్ ఫస్టియర్, ఎంపీసీ. లెక్కలంటే ప్రాణం, ఫిజిక్స్ పర్లేదు, కెమిస్ట్రీ పేరెత్తితే మాత్రం ముఖం మాడ్చుకుంటుంది. "ఎందుకు అని అడిగితే, అదంతే గుర్తుపెట్టుకో అంటారమ్మా" అని దాని గోల. మార్కులు బాగానే వస్తున్నాయి, కాబట్టి ట్యూషన్ గురించి కాదు నేనడిగేది. సెలవుల్లో సరదాగా చదువుకునే పుస్తకం ఏదైనా చెప్పండి. కథలా సాగాలి, కానీ లోపల కెమిస్ట్రీ నిజంగా ఉండాలి. ఇంగ్లిష్ బాగానే చదువుతుంది. తెలుగులో ఉంటే నేనూ చదువుతా. నేను బీకాం, హెచ్‌టూఓ దాటి నాకేమీ రాదు.

పాతపుస్తకాల_పిచ్చి:
అక్కా, నా ఓటు సామ్ కీన్ రాసిన 'ద డిసప్పియరింగ్ స్పూన్'కి. 2010లో వచ్చింది. పీరియాడిక్ టేబుల్‌లో ఉన్న మూలకాల చుట్టూ తిరిగిన మనుషుల కథలు: కొట్లాటలు, అసూయలు, పిచ్చి పనులు. పేరులో ఉన్న చెంచా గాలియంది. గాలియం చూడ్డానికి అచ్చం అల్యూమినియంలాగే ఉంటుంది, కానీ 30 డిగ్రీల లోపే కరుగుతుంది. దాంతో చెంచా పోతపోసి వేడి టీతో పాటు అతిథి చేతికిస్తే, కలుపుతుండగానే చెంచా మాయం. ల్యాబుల వాళ్ళు కొత్తవాళ్ళని ఏడిపించడానికి చేసే పాత చిలిపి పని ఇది. అదంతా చలిదేశాల సంగతి లెండి. మన విజయవాడలో మే నెలలో ఆ చెంచా వంటింటి సొరుగులోనే నీరైపోతుంది, టీ దండగ.

ఇంకో కథ. 1804లో అమెరికా పడమటి వైపు దారి వెతుక్కుంటూ బయల్దేరిన లూయిస్, క్లార్క్ బృందం పాదరసం కలిసిన విరేచనం మాత్రలు వెంట తీసుకెళ్ళింది. దాదాపు రెండొందల ఏళ్ళ తర్వాత వాళ్ళు ఒకచోట మకాం వేసిన సంగతి తేల్చడానికి ఆ పాదరసమే ఆనవాలైంది. మట్టిలో ఎక్కడ దొరికిందో మీరే ఊహించుకోండి. పదహారేళ్ళ పిల్ల ఇది మర్చిపోతుందా?

రిటైర్డ్_లెక్చరర్:
అమ్మా, జూనియర్ కాలేజీలో కెమిస్ట్రీ చెప్పి రిటైరైనవాణ్ణి. ఒక మాటంటాను, కోపం తెచ్చుకోవద్దు. ఈ తరహా పుస్తకాలు కెమిస్ట్రీ చెప్పవు, కెమిస్ట్రీ గురించి కబుర్లు చెప్తాయి. విరేచనం మాత్రల కథ చదివి నవ్వుకున్న పిల్ల మోల్ లెక్క చెయ్యగలదా? ఎంసెట్ (ఇప్పటి ఈఏపీసెట్) 160 ప్రశ్నల్లో 40 మా సబ్జెక్టువే, వాటిలో ఒక్కటి కూడా లూయిస్ గారి కడుపు గురించి అడగరు. మీ అమ్మాయికి "ఎందుకు" అనే ప్రశ్న ఉంది చూశారా, అది అమూల్యం. దానికి కబురు సరిపోదు, జవాబు కావాలి.

పాతపుస్తకాల_పిచ్చి:
మాస్టారూ, మంచి మాటన్నారు గానీ గాలియం కథ కబురుతో ఆగదు. పీరియాడిక్ టేబుల్ కట్టిన మెండలీఫ్ 1871లో అల్యూమినియం కింద ఒక ఖాళీ గడి చూపించి, ఇక్కడ ఉండాల్సిన లోహం ఇంకా దొరకలేదు, దొరికితే దాని సాంద్రత 5.9 దాకా ఉంటుందన్నాడు. 1875లో ఫ్రాన్స్‌లో లకోక్ ద బ్వాబోద్రాన్ ఆ లోహాన్ని పట్టుకున్నాడు. కొలిస్తే 4.7 వచ్చింది. మెండలీఫ్ రష్యా నుంచి, మీ నమూనా శుద్ధంగా లేదు, మళ్ళీ చూడండి అని రాశాడు. ఆ లోహాన్ని కంటితో చూడనివాడు, చేతిలో పట్టుకుని కూర్చున్నవాడి కొలత తప్పంటున్నాడు! శుద్ధి చేసి మళ్ళీ కొలిస్తే 5.9 వచ్చింది.

మన కెమిస్ట్రీ పాఠ్యపుస్తకాల్లో ఏకా-అల్యూమినియం (ఆ ఖాళీ గడి లోహానికి మెండలీఫ్ పెట్టిన పేరు) అని ఒక పట్టిక ఉంటుంది, రెండు నిలువు గళ్ళు, అంకెలు. పిల్లలు ఆ అంకెలే బట్టీ కొడతారు. వెనకున్న ఈ పంతం తెలిస్తే ఆ పట్టిక వేరేగా కనబడదూ?

రిటైర్డ్_లెక్చరర్:
కనబడుతుంది. ఈ కథ నేను క్లాసులో చెప్పేవాణ్ణి కూడా. కానీ సాంద్రత 5.9 అని మెండలీఫ్ ఎలా అనగలిగాడు? చుట్టూ ఉన్న మూలకాల విలువలు చూసి మధ్యలోది అంచనా కట్టాడు. ఆ అంచనా కాగితం మీద పిల్లచేత కట్టించండి. అప్పుడు నేనేమీ అనను.

ల్యాబ్‌కోటు:
జీడిమెట్లలో మందుల కంపెనీ, క్వాలిటీ కంట్రోల్‌లో పనిచేస్తా. అక్కా, నేను చెప్పే పుస్తకం కాస్త బరువైంది, అయినా చెప్తా. ప్రీమో లెవీ 'ద పీరియాడిక్ టేబుల్'. ఇటలీ వాడు, టూరిన్‌లో కెమిస్టు, ఆష్విట్జ్ అనే నాజీల మృత్యు శిబిరం నుంచి బతికి బయటపడ్డవాడు. ఇటాలియన్‌లో 1975లో వచ్చింది. 21 అధ్యాయాలు, ఒక్కోదానికి ఒక్కో మూలకం పేరు.

క్రోమియం అధ్యాయం మా డిపార్ట్‌మెంట్‌లో అందరిచేతా చదివించాలని నా కోరిక. యుద్ధం అయిపోయాక లెవీ ఒక రంగుల ఫ్యాక్టరీలో చేరతాడు. పెయింటు బ్యాచ్‌లు బ్యాచ్‌లే గడ్డకట్టి పడున్నాయి. కారణం వెతుకుతూ పాత రికార్డులు తవ్వితే, ఒక పరీక్షలో రియేజెంట్ (పరీక్షకి కలిపే రసాయనం) "2 లేదా 3" చుక్కలు వెయ్యమని అసలు కార్డులో ఉంది. మధ్యలో అక్షరాలు మాసిపోయి, ఎత్తిరాసినప్పుడు అది "23" అయింది. అన్ని చుక్కలు పోస్తే ఎంత చెడ్డ సరుకైనా పరీక్ష పాసవుతుంది. అలా పాసైన సరుకే పెయింటుని పాడు చేసింది. దానికి విరుగుడుగా లెవీ అమోనియం క్లోరైడ్ కలపమన్నాడు, పనిచేసింది. ఆయన ఆ ఉద్యోగం మానేసి ఏళ్ళు గడిచాయి, చెడ్డ సరుకు ఎప్పుడో అయిపోయింది. అయినా ఫార్ములాలో అమోనియం క్లోరైడ్ అలాగే పడుతోంది, ఎందుకో ఎవరికీ తెలీదు.

అదే అధ్యాయంలో ఉల్లిపాయ సంగతి ఒకటుంది. వార్నిష్ కోసం అవిసె నూనె కాచేటప్పుడు చివర్లో రెండు ఉల్లిపాయ ముక్కలు వెయ్యాలని ఒక పుస్తకంలో రాసుంది. ఎందుకని ఆరా తీస్తే ఒక ముసలాయన చెప్పాడట: థర్మామీటర్లు లేని కాలంలో ఉల్లిముక్క వేగడం మొదలైతే నూనె కాగిందని గుర్తు. మన ఇళ్ళల్లో గారెలకి ముందు పిండి చుక్క వేసి చూసినట్టే. థర్మామీటరు వచ్చింది, ఉల్లిపాయ మాత్రం పోలేదు.

తెనాలి_అమ్మ:
ఈ ఉల్లిపాయ కథ మా ఆయనకి చదివి వినిపించా. బ్యాంకులో కూడా ఇలాంటి ఫారాలు బోలెడున్నాయన్నారు. ఆష్విట్జ్ అంటే మరీ భయంకరంగా ఉంటుందా తమ్ముడూ?

ల్యాబ్‌కోటు:
అంత ఉండదక్కా. క్యాంపు గురించి ఆయన వేరే పుస్తకం రాశాడు. ఇందులో ఆ రోజుల మీద ప్రధానంగా ఒక్క అధ్యాయమే, సీరియం. క్యాంపు పక్కనున్న ల్యాబులో పనికి పెట్టుకుంటే అక్కడ చిన్న కడ్డీలు దొంగిలిస్తాడు. గీకితే నిప్పురవ్వలు వస్తాయి. సీరియం ఉన్న లోహమని పోలుస్తాడు, సిగరెట్ లైటర్లలో రాయి అదే. వాటిని చెక్కి, అరగదీసి, రొట్టెకి మారుస్తాడు. కెమిస్ట్రీ తెలియడం వల్ల కడుపులోకి నాలుగు ముక్కలు దొరికాయి. పదహారేళ్ళ పిల్ల చదవదగ్గదే, చదవాల్సిందే అంటాను.

డాలస్_బాబాయ్:
డబ్బు పెట్టకుండా మొదలుపెట్టే దారి చెప్తా. మైఖేల్ ఫారడే 'ద కెమికల్ హిస్టరీ ఆఫ్ ఎ క్యాండిల్'. లండన్ రాయల్ ఇన్‌స్టిట్యూషన్‌లో 1860 క్రిస్మస్ సెలవుల్లో పిల్లలకి చెప్పిన ఆరు ఉపన్యాసాలు, 1861లో పుస్తకమయ్యాయి. కాపీరైట్ ఎప్పుడో పోయింది, ప్రాజెక్ట్ గుటెన్‌బర్గ్‌లో ఉచితంగా దొరుకుతుంది. ఒక్క కొవ్వొత్తి పట్టుకుని మైనం, గాలి, నీరు, కార్బన్ డయాక్సైడ్, చివరికి మన ఊపిరి దాకా తీసుకెళ్తాడు.

అందులో ఒక ప్రయోగం మావాడితో చేశా. పుల్లతో కొవ్వొత్తి వెలిగించి, కాసేపు బాగా మండనిచ్చి, మెల్లగా ఊది ఆర్పాలి. తెల్లటి పొగ తీగలాగా పైకి లేస్తుంది. వెలుగుతున్న అగ్గిపుల్లని వత్తికి తాకించకుండా, అంగుళం పైన ఆ పొగకి తాకించాలి. మంట పొగ వెంబడి కిందికి పరిగెత్తి వత్తిని అంటుకుంటుంది. ఎందుకంటే అది ఉట్టి పొగ కాదు, ఆవిరైన మైనం మళ్ళీ చల్లబడి సన్నటి తుంపర అయింది. కొవ్వొత్తిలో మండేది వత్తీ కాదు, గట్టి మైనమూ కాదు, ఆ ఆవిరే. ఫ్యాన్ ఆపి చెయ్యండి, పక్కన పెద్దవాళ్ళుండాలి.

రిటైర్డ్_లెక్చరర్:
చూశారా, ఇది నా పుస్తకం! దీనికి నేను నూటికి నూరు మార్కులు వేస్తా. కబుర్లుండవు, ముందు చూపిస్తాడు, తర్వాత అడుగుతాడు, ఆపైన జవాబు చెప్తాడు. ఒక్కటే ఇబ్బంది, నూట అరవై ఏళ్ళ నాటి ఇంగ్లిష్. పిల్లలకి వాక్యాలు పొడుగనిపిస్తాయి.

ఫారడే కమ్మరి కొడుకు. పుస్తకాల బైండింగ్ షాపులో పనికి కుదిరాడు. బైండింగుకి వచ్చిన పుస్తకాలే ఆయన బడి. వాటిలో జేన్ మార్సెట్ అనే ఆవిడ రాసిన 'కాన్వర్సేషన్స్ ఆన్ కెమిస్ట్రీ' ఒకటి. ఒక టీచరమ్మ, ఇద్దరు ఆడపిల్లలు మాట్లాడుకుంటున్నట్టు సాగుతుంది. మొదట్లో రచయిత్రి పేరు కూడా వెయ్యలేదు. తనకి కెమిస్ట్రీలో పునాది వేసింది ఆ పుస్తకమేనని ఫారడే పెద్దవాడయ్యాక చెప్పుకున్నాడు.

పాతపుస్తకాల_పిచ్చి:
అయితే మాస్టారూ, సరదా పుస్తకం చదివి ఒకడు ఫారడే అయ్యాడని మీరే ఒప్పుకున్నట్టు 😀

రిటైర్డ్_లెక్చరర్:
చదివినవాళ్ళు వేలమంది, ఫారడే ఒక్కడే. ఆయన చదివి ఊరుకోలేదు, చేతిలో ఉన్న నాలుగు డబ్బులతో ఆ ప్రయోగాలు చేసి చూసుకున్నాడు. నా మాట మీద నేనున్నా.

జడ్పీ_టీచర్:
ఖమ్మం దగ్గర హైస్కూల్లో ఫిజికల్ సైన్స్ చెప్తాను. తెలుగు పుస్తకాల సంగతి ఎవరూ ఎత్తలేదు. వేమూరి వేంకటేశ్వరరావు గారి 'రసగంధాయ రసాయనం' చూడండి. ఆయన అమెరికాలో కంప్యూటర్ సైన్స్ ప్రొఫెసరుగా పనిచేశారు, తెలుగులో సైన్సు రాయడమంటే పట్టుదల ఉన్న మనిషి. మన ఇంట్లో మాట్లాడుకునే తెలుగులో, చమత్కారంగా రాస్తారు. మీరు కూడా హాయిగా చదవచ్చు తెనాలి అక్కా. చిన్న పిల్లలున్న ఇంటికైతే జన విజ్ఞాన వేదిక వాళ్ళ 'చెకుముకి' పత్రిక. మీ అమ్మాయి వయసుకి అది చిన్నదవుతుంది గానీ, తమ్ముళ్ళో చెల్లెళ్ళో ఉంటే తెప్పించండి. తెలుగులో కొదవ ఎక్కడంటే ఇంటర్ వయసు వాళ్ళకి. పదేళ్ళ పిల్లలకి ఉన్నాయి, పెద్దవాళ్ళకి ఉన్నాయి, పదహారేళ్ళ వాళ్ళకి దొరికేవన్నీ గైడ్లే.

ఇక పుస్తకం అక్కర్లేని కెమిస్ట్రీ ఒకటి. దిష్టి తియ్యడానికి ఎర్రనీళ్ళు కలుపుతాం కదా, పసుపులో చిటికెడు సున్నం. పారాణి కూడా అదే. మా ఎనిమిదో తరగతిలో ఆ ఎర్రనీళ్ళలో నిమ్మకాయ పిండించాను. మళ్ళీ పసుపు రంగుకి వచ్చేశాయి. ఇంకాస్త సున్నం వేస్తే మళ్ళీ ఎరుపు. పిల్లలు గంట కొట్టినా లేవలేదు. కూర మరక పడ్డ తెల్లచొక్కా సబ్బు పెట్టగానే ఎర్రబడుతుంది చూడండి, అదీ ఇదే.

తెనాలి_అమ్మ:
(నేను అమ్మాయిని, అమ్మ ఐడీతో రాస్తున్నా.) అన్నీ చదివా. పసుపు ప్రయోగం ఇప్పుడే చేశా, వచ్చింది. కొవ్వొత్తిది మూడోసారికి వచ్చింది. నా ప్రశ్న అదే మళ్ళీ. పసుపు క్షారంలో ఎర్రబడుతుందని ఏడో క్లాసు నుంచీ రాస్తున్నా. ఎందుకు ఎర్రబడుతుంది? మాస్టారు జవాబు కావాలన్నారు కదా, మరి చెప్పండి సర్.

రిటైర్డ్_లెక్చరర్:
శభాష్ తల్లీ. పసుపులో రంగు కర్‌క్యుమిన్ అనే అణువుది. పొడుగ్గా ఉంటుంది, రెండు చివర్లా బెంజీన్ వలయాలు, వాటి మీద ఒక్కో ఓహెచ్ (ఆక్సిజన్, హైడ్రోజన్ జంట). మధ్యలో సింగిల్ బాండ్, డబుల్ బాండ్ ఒకదాని తర్వాత ఒకటి. అలాంటి వరసలో ఎలక్ట్రాన్లు ఒక కార్బన్ దగ్గరే కట్టుబడి ఉండవు, బారుగా పరుచుకుంటాయి. ఈ అణువు తెల్లటి వెలుతురులోంచి నీలం భాగాన్ని మింగేస్తుంది. మిగిలింది మన కంటికి పసుపు.

సున్నం వేస్తే ఏమవుతుంది? క్షారం ఆ ఓహెచ్‌ల నుంచి హైడ్రోజన్‌ని అయాన్‌గా లాక్కుంటుంది. ఆక్సిజన్ మీద రుణావేశం మిగిలి, ఎలక్ట్రాన్లు ఇంకా స్వేచ్ఛగా పరుచుకుంటాయి. పై స్థాయికి ఎగరడానికి ఇప్పుడు తక్కువ శక్తి చాలు. తక్కువ శక్తి అంటే ఎక్కువ తరంగదైర్ఘ్యం. మింగేది నీలం నుంచి ఆకుపచ్చ వైపు జరుగుతుంది, మిగిలేది ఎరుపు. నిమ్మరసం పోస్తే హైడ్రోజన్ తిరిగొచ్చి మళ్ళీ మొదటికి. నువ్వు ఫస్టియర్‌లో చదివే పరమాణు నిర్మాణంలో ఈ శక్తికీ తరంగదైర్ఘ్యానికీ సంబంధం ఉంది, తీసి చూడు.

విశాఖ_వాసి:
ఈ జవాబు ప్రింట్ తీసి పెట్టుకుంటా మాస్టారూ.

నాదో మాట. 2020 మే 7 తెల్లవారుజామున మా వైపు ఒక ఫ్యాక్టరీ ట్యాంకు నుంచి స్టైరీన్ ఆవిరి లీకైంది. ఆ తర్వాత చాలాకాలం మా పిల్లలకి కెమికల్ అంటే విషం, అంతే. మా మేనకోడలు స్టైరీన్ అంటే ఏంటి మావయ్యా అనడిగితే, థర్మోకోల్ డబ్బా చూపించా. అదే అణువు వేలకొద్దీ గొలుసుకట్టుకుంటే ఇది. గొలుసు కట్టుకునేటప్పుడు వేడి పుడుతుంది, వేడి పుడితే ఇంకా వేగంగా కట్టుకుంటుంది. అందుకే ట్యాంకుని చల్లగా ఉంచాలి, గొలుసు మొదలవకుండా అడ్డుపడే పదార్థం తగినంత కలపాలి. ఆ రెండూ తప్పితే ఏమవుతుందో మేం చూశాం. పదో తరగతి పిల్లకి ఇది అర్థమైంది.

అందుకని అన్నీ వింతలే చెప్పే పుస్తకాలంటే నాకు కొంచెం గుర్రు. నాకు నచ్చింది 'నెపోలియన్స్ బటన్స్'. పెనీ లకూటర్, జే బరసన్ రాశారు, 2003. చరిత్రని మలుపు తిప్పిన 17 రకాల అణువుల గురించి. మంచీ చెడూ రెండూ చెప్తారు. క్లోరిన్ ఉన్న సమ్మేళనాల మీద అధ్యాయంలో ఫ్రిజ్‌లో చల్లదనం ఇచ్చిన వాయువే ఓజోన్‌ని ఎలా తిందో ఉంటుంది. రంగుల అధ్యాయంలో నీలిమందు వస్తుంది. 1897లో జర్మనీ కంపెనీ బీఏఎస్ఎఫ్ కృత్రిమ నీలిమందు అమ్మకానికి పెట్టాక మన దేశంలో నీలి సాగు ఎలా కుప్పకూలిందో చదివితే హిస్టరీ, కెమిస్ట్రీ వేరు కావనిపిస్తుంది. మొదటి అధ్యాయమే మిరియాలు, మిరపకాయల ఘాటు గురించి. గుంటూరు జిల్లా వాళ్ళు అక్కణ్ణుంచే మొదలుపెట్టచ్చు.

రిటైర్డ్_లెక్చరర్:
ఇందులో అణువుల బొమ్మలు వేసి చూపిస్తారు, అది మెచ్చుకోవాలి. ఆర్గానిక్ అంటే భయపడే పిల్లలకి ఆ బొమ్మలు అలవాటవుతాయి. పేరులో ఉన్న కథ మాత్రం గట్టిగా నమ్మకండి. చలికి తగరం బొత్తాలు పొడైపోయి నెపోలియన్ సైన్యం రష్యాలో దెబ్బతిందని ఒక ఊహ. తగరం 13 డిగ్రీల కింద నెమ్మదిగా వేరే రూపానికి మారి పొడవడం నిజమే. కానీ ఆ మార్పు చాలా నిదానం. రచయితలు కూడా అది నిజమని బల్లగుద్ది చెప్పలేదు.

రాత్రి_డ్యూటీ:
హాస్పిటల్ నుంచి రాస్తున్నా, గబగబా. ఆలివర్ శాక్స్ 'అంకుల్ టంగ్‌స్టన్' ఎవరూ చెప్పలేదేంటి? న్యూరాలజీ డాక్టరు, చిన్నప్పుడు కెమిస్ట్రీ పిచ్చి. లండన్‌లో వాళ్ళ మావయ్యకి టంగ్‌స్టన్ ఫిలమెంట్ బల్బుల ఫ్యాక్టరీ ఉండేది. ఇంట్లో సొంత ల్యాబు, సోడియం ముద్ద తీసుకెళ్ళి చెరువులో పడేసి మంట చూడటం (పిల్లలూ, వద్దు!). టంగ్‌స్టన్ ముక్క చేతిలో పెడితే ఎంత బరువుగా ఉంటుందో ఆయన రాసింది చదవాలి. బంగారానికీ దానికీ సాంద్రత ఒకటే, 19.3. దొంగ బంగారం కడ్డీల లోపల టంగ్‌స్టన్ కూరేది అందుకే.

పుట్టినరోజుల్ని పీరియాడిక్ టేబుల్లో మూలకాల వరస సంఖ్యలతో లెక్కపెట్టుకునేవాడాయన. 80 నిండితే పాదరసం, 82 అంటే సీసం. 2015లో, క్యాన్సర్ ముదిరాక, 83వ మూలకం బిస్మత్ పుట్టినరోజు చూడనేమోనని రాశాడు. ఆ ఆగస్టులోనే పోయాడు, సీసం దగ్గరే. ఇది నాకు అన్నిటికంటే ఇష్టమైన పుస్తకం. వివరాలు ఎక్కువ, ఓపిక కావాలి.

డాలస్_బాబాయ్:
థియడోర్ గ్రే 'ద ఎలిమెంట్స్' కూడా ఒకటి అనుకోండి, 2009. ఒక్కో మూలకానికి ఒక్కో ఫొటో పండగ. చదవక్కర్లేదు, తిరగేస్తే చాలు. లైబ్రరీలో ఉంటే మంచిది, కొనాలంటే ఖరీదు. అన్నట్టు ఎవరైనా గాలియం ఆన్‌లైన్‌లో తెప్పిస్తే అల్యూమినియం గిన్నెల దగ్గర పెట్టకండి. లోహంలోకి పాకి గిన్నెని పెళుసు చేసేస్తుంది. విమానాల్లో దాన్ని రానివ్వనిది అందుకే.

ల్యాబ్‌కోటు:
రంగు గురించి మాస్టారు చెప్పింది చదివాక ఒకటి గుర్తొచ్చింది. భీమవరంలో పుట్టిన మన ఎల్లాప్రగడ సుబ్బారావు గారు హార్వర్డ్‌లో ఫిస్క్‌తో కలిసి 1925లో ఫాస్ఫరస్ కొలిచే పద్ధతి ఇచ్చారు. ద్రావణం నీలంగా మారుతుంది. ఫాస్ఫరస్ ఎంత ఎక్కువుంటే నీలం అంత చిక్కన. ఆ కొలతతోనే కండరాల్లో ఫాస్ఫోక్రియాటిన్ అనే పదార్థం ఉందని వాళ్ళు పట్టుకున్నారు. ఫిస్క్-సుబ్బారో పద్ధతి అని ఇప్పటికీ ఆయన పేరుతోనే అంటాం. పాప పెద్దయ్యాక ల్యాబులో ఆ పేరు వింటుంది. తెలుగు పిల్లల కోసం ఆ నీలం రంగు దగ్గర మొదలుపెట్టి ఆయన కథ ఎవరైనా రాస్తే బాగుణ్ణు.

తెనాలి_అమ్మ:
(మళ్ళీ నేనే, అమ్మాయిని.) అందరికీ థాంక్సండీ. ఫారడే ఫోన్‌లో దించుకున్నా, మొదటి ఉపన్యాసం అయింది. ఇంగ్లిష్ కష్టమేం కాదు సర్, మెల్లగా చదవాలంతే. అమ్మ 'నెపోలియన్స్ బటన్స్' ఆర్డర్ పెట్టింది, తనకి వేమూరి గారి పుస్తకం. స్పూన్ పుస్తకం మా ఫ్రెండ్ దగ్గరుందట. ఇంకో ప్రశ్న: మైలుతుత్తం (కాపర్ సల్ఫేట్) నీలంగా ఉంటుంది కదా, వేడి చేస్తే తెల్లబడుతుంది. రంగు రాగిదైతే, రాగి అందులోనే ఉంది కదా, రంగెక్కడికి పోయింది?

రిటైర్డ్_లెక్చరర్:
రాగి ఉంది, కానీ దాని చుట్టూ ఉన్న నీళ్ళు పోయాయి. ఆ నీటి అణువులు రాగి అయాన్ చుట్టూ ఉన్నప్పుడే దాని డి-ఆర్బిటాళ్ళ (ఎలక్ట్రాన్లు ఉండే ఒక రకం చోట్ల) శక్తుల్లో ఆ మేరకు తేడా వస్తుంది, ఆ తేడా వల్లే నీలం. సెకండియర్‌లో డి-బ్లాక్ దగ్గర వస్తుంది, అప్పటిదాకా ఆగక్కర్లేదు. తెల్లబడ్డ పొడి మీద ఒక్క చుక్క నీళ్ళు వేసి చూడు. అది విషం, కాబట్టి మీ కాలేజీ ల్యాబులో, అసిస్టెంట్ ఉండగా చెయ్యి. గిన్నె చేత్తో పట్టుకుంటే ఇంకోటి కూడా తెలుస్తుంది. ఏంటో చూసొచ్చి ఇక్కడ రాయి.

పాతపుస్తకాల_పిచ్చి:
మాస్టారూ, మీరే ఒక పుస్తకం రాయకూడదూ? ఇంటర్ వయసు వాళ్ళకి తెలుగులో లేవని టీచర్ గారు అన్నారు కదా.

రిటైర్డ్_లెక్చరర్:
కళ్ళు సహకరించవు నాయనా. అడుగుతూ ఉండండి, ఇక్కడే రాస్తుంటా.